మూడు పట్లు పట్టిన బియ్యం

మా వదిన మొదటి బిడ్డ డెబ్భై నాలుగో రోజున పోయాడు. రెండోవాడు ఎనభై ఒకటో రోజున పోయాడు. మూడో కాన్పులో ఆడపిల్ల. సరోజ అని పేరు పెట్టారు. ఆ పిల్లకి నలభై రోజులు నిండిన ఉదయం వాళ్ళ అమ్మమ్మ రూతమ్మ తన ఊరు పోవడానికి మూట కట్టుకుంది. గుమ్మం దాకా వెళ్ళి, వెనక్కి వచ్చి, మూట విప్పి, చీరలు మళ్ళీ దండెం మీద వేసింది.

"బండి మాట్లాడేశాను కదండీ అత్తయ్యగారూ," అన్నాడు మా అన్నయ్య దేవసహాయం.

"పొమ్మనండి బాబూ. నేను నలభై రోజులకి వెళ్ళడం, ఆ తరవాత ఉత్తరం రావడం. రెండుసార్లు అయింది. ఈసారి ఉత్తరం వద్దండి నాకు. ఏదైనా ఉంటే కళ్ళతో చూస్తాను."

అన్నయ్య బండివాణ్ణి పంపేశాడు. ఆ రోజు నుంచి ఇంట్లో అందరం రోజులు లెక్కపెట్టడం మొదలుపెట్టాం. పైకి ఎవరూ అనలేదు.

తాడేపల్లిగూడెంలో బియ్యం మిల్లు వెనక వరసగా కట్టిన గదుల్లో మా కాపురం. అన్నయ్య ఆ మిల్లులో ఫిట్టరు. నేను బందరులో కాలేజీ మధ్యలో వదిలేసి వచ్చి వాళ్ళింట్లో తింటున్నాను. పక్క గదిలో జట్కా తోలే జానీ, అతని భార్య జహీరా, వాళ్ళ గేదె. గేదె కూడా మా వదినతో పాటే ఈనింది. వారం అటూ ఇటూ.

రూతమ్మ కొల్లేటి లంకలో పుట్టింది. ఆకివీడు నుంచి దోనె మీద వెళ్ళాలి ఆ లంకకి. పెళ్ళయిన ఆరో ఏట మొగుడు పోతే, చంకలో కూతురిని పెట్టుకుని ఏలూరు వచ్చి, మిషన్ వారి ఆడపిల్లల బోర్డింగులో వడ్లు దంచే పనిలో చేరింది. ఇరవై రెండేళ్ళు దంచింది. వంద మంది పిల్లలకి రోజూ అన్నం ఆ చేతుల మీదుగానే వెళ్ళేది. రోకలి ఎత్తి ఎత్తి ఆవిడ కుడి భుజం ఎడమదానికన్నా ఒక వేలెడు కిందికి దిగిపోయింది. ఐదు గింజలు నోట్లో వేసుకుని నమిలితే చాలు, ఇది అక్కుళ్ళ రకమా మరొకటా, ఎన్ని పోట్లు పడ్డాయి, కొత్తవా పాతవా చెప్పేస్తుంది. నోట్లో వేసుకోకుండా దేన్నీ మంచిదనీ అనదు, చెడ్డదనీ అనదు. మనుషుల మాటలతో కూడా అంతే. ఎవరేం చెప్పినా వెంటనే తల ఊపదు. కాసేపు నములుతుంది.

పందొమ్మిది వందల ముప్పై ఒకటిలో బోర్డింగు వాళ్ళు మర బియ్యానికి మారారు. దంపుడు బియ్యంలో మట్టి ఉంటుంది, పురుగు ఉంటుంది, శుభ్రం కాదు అన్నారు. దొరసానమ్మ ఆవిడ చేతులు పట్టుకుని మర్యాదగానే పంపేసింది. మరుసటి ఏడు క్రిస్మస్‌కి చూడబోతే పిల్లల పెదాల మూలలు పగిలి ఉన్నాయట. "ఏం పెడుతున్నారండీ వీళ్ళకి?" అని అడిగిందట రూతమ్మ. "మీరు పెట్టినదానికన్నా తెల్లనిదే" అన్నారట. ఆవిడ ఆ జవాబు కూడా అప్పటినుంచీ నములుతూనే ఉంది.

మా ఇంట్లో బియ్యం అంతకన్నా తెల్లన. దీనికి కారణం మా అన్నయ్య ప్రేమ. మొదటి కాన్పు అవగానే ఏలూరు డాక్టరు సుబ్బారావు గారు పథ్యం రాసిచ్చారు. ఆ కాగితాన్ని అన్నయ్య బైబిల్లో దాచాడు. 'మరపట్టిన తెల్లని పాతబియ్యం మెత్తగా వండి, గంజి పూర్తిగా వార్చి పెట్టవలెను. పప్పు, చేప, ఆకుకూర, దంపుడు బియ్యం కూడదు. పాలు, రొట్టె, బార్లీ మంచివి.' పాలూ రొట్టే మాలాంటి వాళ్ళకి రోజూ ఎక్కడివి? అన్నం ఒక్కటే మిగిలింది. ఆ అన్నమైనా గొప్పగా ఉండాలని మా అన్నయ్య బాలింత కోసం విడిగా బియ్యం పట్టించేవాడు. ఊరందరికీ మరలో ఒక్కసారి, ఒక పట్టు. షావుకార్ల ఇళ్ళకి రెండు. మా వదినకి మూడు. తానే హల్లరు మర దగ్గర నిలబడి, మల్లెపువ్వుల్లా దిగిన బియ్యాన్ని దోసిట్లో పట్టుకుని ఇంటికి తెచ్చేవాడు. మా వదిన ఎలిజబెత్ వాటిని ఏడుసార్లు కడిగేది. తరవాత వార్చేది. ఆ కడుగునీళ్ళు, గంజి, మిల్లు నుంచి తెచ్చిన తవుడు కలిపితే కుడితి. అదంతా జహీరా గేదెకి. బదులుగా ఆవిడ ఇంత మజ్జిగ పోసేది.

నన్ను అడిగితే ఆ రోజుల్లో నేనూ డాక్టరు మాటే సరి అని ఉండేవాణ్ణి. ఇంగ్లీషులో సంతకం ఉన్న కాగితం అంటే నాకూ భయమే.

యాభై ఎనిమిదో రోజున వదిన పీట మీద కూర్చుని పిల్లకి నూనె రాసింది. లేవబోయింది. లేవలేకపోయింది. చెయ్యి నేలకి ఆనించి, ఇంకో చేత్తో గోడ పట్టుకుని, రెండు విడతలుగా లేచింది.

"కాళ్ళకేమయిందే?" అంది రూతమ్మ.

"ఏం లేదమ్మా. పాదాల్లో చీమలు పాకుతున్నట్టుంటాయి. పిక్కలు పట్టేస్తాయి. కాన్పయిన ప్రతిసారీ ఉండేదే."

"ప్రతిసారీనా?"

"ఊఁ."

"ఆ ఇద్దరప్పుడూనా?"

వదిన నూనె గిన్నె పక్కకి జరిపింది. రూతమ్మ కూతురి పిక్క మీద బొటనవేలు పెట్టి నొక్కింది. వదిన కెవ్వుమంది. వేలు తీశాక అక్కడ గుంట అలాగే నిలిచింది. ఇద్దరూ ఆ గుంట వంకే చూశారు.

ఆ మధ్యాహ్నం రూతమ్మ అడగకూడనిది అడిగింది. ఆ పిల్లలు ఎలా పోయారో ఉత్తరంలో రాయలేదు కదా, ఇప్పుడు చెప్పమంది. వదిన సరోజ వైపు తిరిగి పడుకునే చెప్పింది.

"ముందు పాలు కక్కేవాడమ్మా. తరవాత గొంతు పోయింది. ఏడుస్తున్నాడు, నోరు ఇంత తెరిచాడు, మొహం కందిపోయింది, చప్పుడు లేదు. గాజు తలుపు అవతల ఏడుస్తున్నట్టుంది. ఆ తరవాత రెండు రోజులు. అంతే. రెండోవాడూ ఇంతే. ఒళ్ళు చిక్కలేదు. బొద్దుగానే ఉన్నారు ఇద్దరూ."

ఆ రోజు నుంచి రూతమ్మ చెవులు ఆ పిల్ల గొంతు మీదే ఉండేవి. బావి దగ్గర ఉన్నా, పొయ్యి దగ్గర ఉన్నా, పిల్ల కేరుమంటే చేతిలో పని ఆపి నిలబడిపోయేది. ఏడుపు గట్టిగా ఉంటే మళ్ళీ పనిలో పడేది. పిల్ల ఎక్కువసేపు నిద్రపోతే భరించలేక, అరికాలు గిల్లి ఏడిపించేది. "పసిదాన్ని గిల్లుతారేంటండీ!" అని నేను కసిరితే, "బతికుందని తెలియాలి కదా బాబూ" అంది.

అరవై మూడో రోజు అనుకుంటాను. వదిన కుడితి బాన పట్టుకెళ్ళలేక రూతమ్మే పట్టుకెళ్ళింది. జహీరా దూడని పట్టలేక అవస్థ పడుతోంది. అది తాడు తెంచుకుని వాకిలంతా గెంతుతోంది.

"చూడండి రూతమ్మ గారూ, దీని పొగరు," అంది జహీరా. "రెండు నెలలకే నన్ను పడదోస్తోంది. మీ ఇంటి గంజి మహిమండీ ఇది. మా గేదె పెట్టి పుట్టింది. దానికి డాక్టరు పథ్యం రాయలేదుగా!"

ఆవిడ నవ్వులాటకే అంది. రూతమ్మ నవ్వలేదు. బాన దింపి, అందులో వేళ్ళు ముంచి నోట్లో పెట్టుకుంది.

"అయ్యో, కుడితండీ అది!" అంది జహీరా.

"తెలుసమ్మా," అంది రూతమ్మ. కాసేపు నమిలింది. దూడని చూసింది. గోడ అవతల మా గది వైపు చూసింది. ఇంటికి వచ్చి నాతో నెమ్మదిగా అంది. "తోమా బాబూ, నా కూతురూ ఆ గేదే ఒక్క వడ్లే తింటున్నారు. సారమంతా గేదెకి పోతోంది. మిగిలింది నా కూతురికి. దూడ గెంతుతోంది."

"పశువులతో పోలికేంటండీ?" అన్నాను.

"అవును. తప్పే," అంది. కానీ ఆవిడ కళ్ళలో తప్పు చేసిన భావం లేదు. భయం ఉంది.

అరవై ఆరో రోజున సరోజ పాలు కక్కింది. అరవై ఎనిమిదో రోజున గొంతు బొంగురుపోయింది.

మరునాడు ఉదయం రైలుబండికి అందరం ఏలూరు వెళ్ళాం. భీమడోలులో బండి ఆగినప్పుడు వదిన చిన్నగా, "ఇదే బండిలో వెళ్ళాం కదండీ అప్పుడూ" అంది. అన్నయ్య కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నాడు.

సుబ్బారావు గారు చెడ్డవాడు కాదు. కలరా వచ్చిన ఏడు తమ్మిలేటి గట్టు మీది గుడిసెల్లో రాత్రింబవళ్ళు తిరిగిన మనిషి. పిల్లని జాగ్రత్తగా చూశాడు. గొట్టం ఛాతీకి ఆనించి చాలాసేపు విన్నాడు.

"రొమ్ములో పడిశెం చేరిందయ్యా దేవసహాయం. గుండె కొంచెం జోరుగా ఉంది. నాలుగేసి చుక్కల బ్రాందీ నీళ్ళలో కలిపి పట్టండి. ఛాతీకి వేడి కాపడం. తల్లి పాలు మాత్రం మానవద్దు. తల్లికి అదే పథ్యం."

రూతమ్మ గోడ వార నిలబడి ఉంది. "అయ్యగారూ, ఒక మాట అడగొచ్చా అండీ?"

"అడుగమ్మా."

"క్రితం ఇద్దరికీ ఈ మందే ఇచ్చారు కదండీ?"

అన్నయ్య ఆవిడ వైపు గుడ్లురిమాడు. డాక్టరు గారు కళ్ళజోడు తీశారు. "ఇచ్చాను. చూడమ్మా, పసిబిడ్డల ప్రాణం మన చేతిలో లేదు. నా సొంత చెల్లెలి బిడ్డ కూడా ఇలాగే పోయాడు."

"ఆవిడ ఏం తినేవారండీ?"

"ఏమిటీ?"

"మీ చెల్లెలు గారండీ. బాలింతగా ఏం తినేవారు?"

"నేను చెప్పిన పథ్యమే తినేది. ఎందుకు తినదు?" అని ఆయన ఆగారు. ఆ ఆగడం నాకు స్పష్టంగా వినిపించింది. తరవాత గొంతు కొంచెం పెంచారు. "నువ్వేదో మనసులో పెట్టుకుని అడుగుతున్నావు. సూటిగా అడుగు."

"మా అమ్మాయి పాలలోనే ఏదో లేదేమోనండీ. దంపుడు బియ్యం, కాస్త తవుడు, చేప పెట్టి చూస్తే..."

"బాలింతకి తవుడా! పచ్చి పేగులమ్మా. పుండు పడతాయి. విరేచనాలు పట్టుకుంటే రెండు ప్రాణాలూ పోతాయి. తవుడులో ఏదో ఉందని ఎక్కడో కొండల మీద దొరలు ఎలుకలకి పెట్టి చూస్తున్నారని నేనూ చదివాను. ఎలుకలు వేరు, బాలింతలు వేరు."

రూతమ్మ కాసేపు నమిలింది.

"మరి ఆ ఎలుకలు బతికాయా అండీ?"

ఆయన కళ్ళజోడు పెట్టుకుని మందు చీటీ రాశారు. చివరికి మెల్లగా అన్నారు. "తవుడు పెడితే ఏమవుతుందో నాకు తెలియదమ్మా. తెలియనిది నేను రాయను. నీ ఇష్టం వచ్చినట్టు చేసి బిడ్డకి ఏమన్నా అయితే, అది నీ చేతుల మీద పోయినట్టు."

ఆ మాటే ఆవిడకి పట్టుకుంది. తిరుగు బండిలో రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని వాటినే చూసుకుంటూ కూర్చుంది.

ఇంటికి రాగానే అన్నయ్య తేల్చి చెప్పేశాడు. "డాక్టరు గారు రాసిందే. ఇంకో మాట లేదు."

"అల్లుడు గారూ, రాసినట్టు రెండుసార్లు చేశారు."

"ఇంకేం చెయ్యమంటారండీ? మిల్లులో పనిచేసేవాడి పెళ్ళాం కుడితి తాగుతోందని ఊరంతా చెప్పుకోమంటారా? నా చేతుల్తో తెల్లగా పట్టించి తెస్తున్నాను. మూడు పట్లు! ఏ షావుకారు తింటున్నాడు అలాంటి బియ్యం?"

అని అతనే టక్కున ఆగిపోయాడు. తాను అన్న మాటని తానే విన్నాడు. కానీ ఆ మాట నిజమైతే అది మోయరాని నిజం. అందుకని లేచి మిల్లుకి వెళ్ళిపోయాడు.

రూతమ్మ కూతురి దగ్గర కూర్చుంది. "ఎలీసా, నాకేం తెలీదే. దూడని చూసి అంటున్నాను. తప్పయితే ఈ పిల్ల నా చేతుల్లో పోతుంది. నువ్వు ఇక నా మొహం చూడవు. మీ ఆయన గుమ్మం ఎక్కనివ్వడు. నువ్వు వద్దంటే ఇవ్వను."

వదిన పిల్ల మొహంలోకి చూసింది. పిల్ల నోరు తెరిచి ఏడుస్తోంది. ఏడుపు బొంగురుగా, అడుగున ఎక్కడినుంచో వస్తోంది.

"ఇవ్వమ్మా," అంది.

రూతమ్మ చేట పట్టుకుని తిన్నగా మిల్లుకి వెళ్ళింది. పనివాళ్ళు ఎగతాళి చేశారు. "ఏమ్మా, గేదెని కొన్నారా?" అని.

"కొన్నాను నాయనా. రెండు కాళ్ళ గేదె. నిన్నటి తవుడు వద్దు. ఇప్పుడు దిగేది పట్టు. వెచ్చగా ఉన్నది."

అన్నయ్య పక్కనే నట్లు బిగిస్తూ చూశాడు. అడ్డుపడలేదు. సాయమూ చేయలేదు.

ఆవిడ ఆ తవుడు గుడ్డలో జల్లించి, నీళ్ళు పోసి సన్నని సెగ మీద కాచి, తేరిన తరవాత పైది వంచింది. టీ డికాక్షన్ రంగులో వచ్చింది. తాటిబెల్లం ముక్క వేసింది. ముందు తాను ఒక గ్లాసు తాగి, అరగంట ఆగింది. కడుపులో ఏమవుతుందో చూసుకుంది. తరవాత కూతురికి గ్లాసెడు. తరవాత పిల్లకి, చిటికెన వేలితో, చుక్క చుక్క. తల్లి పాలు మానిపించింది. జహీరా గేదె పాలలో నీళ్ళు కలిపి గుడ్డ వత్తితో పట్టించింది. డాక్టరు మానవద్దన్నదాన్ని మాన్పించింది, కూడదన్నదాన్ని పెట్టింది. వదిన పాలు పిండి గోడ వార పోస్తూ ఏడ్చింది. రొమ్ములు రాళ్ళయి నొప్పి ఒక వంక, బిడ్డ నోటి ముందునుంచి తీసేస్తున్నానన్న బాధ ఒక వంక.

డెబ్భయ్యో రోజు మార్పేమీ లేదు. పిల్లకి రెండుసార్లు విరేచనం అయింది. రూతమ్మ గిన్నె కింద పెట్టి పిల్ల పొట్ట తడిమి చూసింది. డాక్టరు చెప్పిందే అవుతోందా? అయినా మరో పది చుక్కలు వేసింది.

డెబ్భై ఒకటో రోజు మధ్యాహ్నం పిల్లకి ఎగశ్వాస మొదలైంది. పెదాలు నేరేడు పళ్ళ రంగుకి తిరిగాయి. నోరు తెరిచింది. పిడికిళ్ళు బిగిశాయి. మొహం ముడుచుకుంది. చప్పుడు లేదు. అంతవరకూ వదిన చెబితే విన్నదాన్ని నేను కళ్ళతో చూశాను. అలాంటి ఏడుపు పగవాడి ఇంట కూడా ఉండకూడదు. గదిలో ముగ్గురం ఉన్నాం. ఒక పసిబిడ్డ ప్రాణం పోయేలా ఏడుస్తోంది. వినిపించేది మాత్రం మిల్లు ఇంజను చప్పుడు.

కబురు పెడితే అన్నయ్య నూనె చేతులతోనే పరుగెత్తుకొచ్చాడు. పిల్లని చూశాడు. మూలనున్న తవుడు కషాయం గిన్నెని కాలితో తన్నాడు. అది గోడకి కొట్టుకుని దొర్లింది.

"చంపేశారు కదండీ! మొదటి ఇద్దరినీ దేవుడు తీసుకున్నాడు. దీన్ని మీరు చంపేశారు!"

అన్నయ్య పిల్లకి దుప్పటి చుట్టబోయాడు. "నాలుగింటి బండికి ఏలూరు తీసుకెళతాను. తోమా, జానీని జట్కా కట్టమను."

"నాలుగవడానికి ఇంకా గంటన్నర ఉందండీ," అంది రూతమ్మ. నేల మీద కూర్చునే చేతులు చాపింది. "ఆ గంటన్నర నా చేతిలో ఉంచండి బాబూ. బండి వేళకి ఇచ్చేస్తాను. మీరు ఏం తిట్టినా పడతాను. తీసుకెళ్ళాక నేను ఈ ఊళ్ళో ఉండను."

అన్నయ్య నిలబడిపోయాడు. వదిన మంచం మీదినుంచి అతని చొక్కా పట్టుకుంది. "ఇవ్వండి," అంది. అతను ఇవ్వలేదు. వదినే లేచి, గోడ పట్టుకుని వచ్చి, అతని చేతుల్లోంచి పిల్లని తీసి రూతమ్మ ఒళ్ళో పెట్టింది.

గిన్నెలో అడుగున రెండు చెంచాల కషాయం మిగిలింది. అదే ఉన్నది. తవుడు తెచ్చి, కాచి, తేరేదాకా ఆగే టైము లేదు. రూతమ్మ పిల్ల చెంప నొక్కి, నోటి పక్కనుంచి వేలితో వేసింది. ఒక చుక్క. పిల్ల మింగేదాకా ఆగడం. ఇంకో చుక్క. కొన్ని బయటికే కారిపోయాయి. వాటినీ వేలితో తీసి మళ్ళీ వేసింది. జానీ జట్కా వాకిట్లోకి వచ్చింది. గుర్రం తల విదిలిస్తోంది. ఎవరూ బయటికి వెళ్ళలేదు. నేను గుమ్మంలో కూర్చుని పిల్ల పొట్ట ఎగరడమే చూస్తున్నాను. ఆగిపోతుందేమోనని కళ్ళు తిప్పలేకపోయాను.

ఎంతసేపయిందో తెలీదు. పెదాల నలుపు కొంచెం విరిగినట్టు నాకు అనిపించింది. చెప్పడానికి భయపడ్డాను. అన్నయ్య గడియారం చూసి, "ఇక ఇవ్వండి, వేళయింది" అన్నాడు. రూతమ్మ మాట తప్పలేదు. పిల్లని ఎత్తి ఇచ్చింది. అతను దుప్పటి సరిచేస్తుంటే నూనె చెయ్యి చల్లగా తగిలినట్టుంది. పిల్ల మొహం ముడిచి, నోరు తెరిచింది.

కప్ప బెకబెకలాడినట్టు ఒక చప్పుడు వచ్చింది. మళ్ళీ ఒకటి.

అన్నయ్య గుమ్మంలోనే కూలబడిపోయాడు. "మళ్ళీ ఏడవమనండి," అన్నాడు. ఎవరితో అన్నాడో తెలీదు. బయటినుంచి జానీ, "బండి కూత వినపడుతోంది, వస్తారా రారా?" అని కేక వేశాడు. మేం వెళ్ళలేదు. అన్నయ్యే చేట పట్టుకుని మిల్లుకి వెళ్ళాడు. ఈసారి అతని వెనక ఎవరూ ఎగతాళి చేయలేదు.

డెబ్భై నాలుగు దాటింది. ఆ రోజు వదిన ఏమీ తినలేదు, బతిమాలి తినిపించాం. ఎనభై ఒకటి దాటింది. ఆ రోజు అన్నయ్య పనికి వెళ్ళలేదు. పిల్లకి గొంతు బాగుపడింది. వదిన చెయ్యి ఆనించకుండా పీట మీదినుంచి లేస్తోంది. తిరిగి పాలు ఇస్తోంది. రూతమ్మ మాత్రం నవ్వలేదు. "వంద కానివ్వండి" అంది. వంద అయ్యాక, "వర్షాలు తగ్గనివ్వండి" అంది.

వర్షాలు తగ్గాక డాక్టరు గారికి పిల్లని చూపించడానికి వెళ్ళాం. ఆయన పిల్లని ఎత్తుకుని ఎగరేశారు. నిజంగా సంతోషించారు. "చూశావా దేవసహాయం, బ్రాందీ ఎంత పని చేసిందో!"

అన్నయ్య నీళ్ళు నమిలాడు. "చిత్తం. మీ దయండీ," అన్నాడు.

"కాదండీ అయ్యగారూ," అంది రూతమ్మ. అన్నయ్య ఆవిడ మోచెయ్యి పట్టుకున్నాడు. ఆవిడ విడిపించుకుంది. "బ్రాందీ సీసా మూత తియ్యలేదండీ. తవుడు కాచి పోశాను. తల్లికీ బిడ్డకీ. మీరు వద్దన్నారు. పోశాను."

ఆయన పిల్లని తల్లికి ఇచ్చేశారు. కోపం వస్తుందనుకున్నాం. రాలేదు. కుర్చీలో కూర్చుని, "ఎంత కొలత?" అన్నారు.

"కొలత తెలీదండీ. చేతి అందాజు."

"ఎన్నాళ్ళకి గొంతు వచ్చింది?"

"రెండు రోజులకండీ."

ఆయన కలం తీసి, రాయకుండా మూత పెట్టేశారు. "ఒక్క బిడ్డ, రూతమ్మా. ఒక్క బిడ్డని చూసి ఊరందరికీ ఎలా రాయను? దానంతటదే తగ్గిందేమో. ఇంకో బిడ్డకి విరేచనాలు పట్టుకుని పోతే?"

"అవునండీ," అంది ఆవిడ. "నాకూ అదే భయం. నాకిప్పుడు నిద్ర పట్టేది కూడా లేదండీ. కానీ ఆ ముగ్గురు బిడ్డలున్నారు చూడండీ. మా ఇద్దరూ, మీ చెల్లెలు గారి బాబూ. వాళ్ళకి మీరు రాసింది కూడా చేతి అందాజే కదండీ?"

మేం నమస్కారం పెట్టి బయటికి వచ్చాం.

అరుగు మీద ఒక చిన్నది కూర్చుని ఉంది. చీర గణపవరం వైపు కట్టు. పదిహేడేళ్ళు ఉంటాయేమో. ఒళ్ళో పసిబిడ్డ. పిలుపు రాగానే లేవబోయి, చెయ్యి నేలకి ఆనించింది. అది చూసి రూతమ్మ కాళ్ళు ఆగిపోయాయి. లోపల డాక్టరు గారి గొంతు తలుపు సందులోంచి వినిపిస్తోంది. "పాత బియ్యం అమ్మా, తెల్లనివి, మెత్తగా వండి..." అంటూ అక్కడ ఆగింది. చాలాసేపు ఆగింది. తరవాత, "గంజి వార్చి పెట్టాలి" అన్నారు. అంతకుముందులా గట్టిగా అనలేదు. అయినా అన్నారు.

బండి వేళయిందని అన్నయ్య తొందరపెడుతున్నాడు. రూతమ్మ కదలలేదు. ఆ చిన్నది చీటీతో బయటికి రాగానే దగ్గరికి వెళ్ళి మెల్లగా చెప్పింది.

"ఆ గంజి పారబొయ్యకమ్మా. గేదెకీ పొయ్యకు. నువ్వు తాగు. కడుగునీళ్ళు కూడా తాగు. ఎవరైనా నవ్వితే నవ్వనీ."

ఆ పిల్ల భయపడి వెనక్కి తగ్గింది. పెద్ద డాక్టరు గారు ఇప్పుడే చెప్పినదానికి ఎదురు, ఎవరో ముసలావిడ, చెవి దగ్గర చెబుతోంది. బిడ్డని కొంగులో దాచుకుని, అత్తగారి వెనక గబగబా మెట్లు దిగి వెళ్ళిపోయింది. పేరు అడగలేదు మేం. ఊరు అడగలేదు.

రూతమ్మ ఇప్పుడు లంకలో ఉంది. తమ్ముడి ఇంట్లో వలలు బాగుచేస్తూ, ఇరుగుపొరుగుకి వడ్లు దంచుతూ. సరోజకి ఏడాది దాటింది, తప్పటడుగులు వేస్తోంది. నేను మొన్న దోనె మీద వెళ్ళి, పిల్ల ఎంత అల్లరి చేస్తోందో చెబుదామని నోరు తెరిచాను. ఆవిడ వినిపించుకోలేదు. రోకలి గోడకి ఆనించి, చేతులు తుడుచుకుంటూ అడిగింది.

"తోమా బాబూ, ఆ గణపవరం పిల్ల ఎక్కడిదో కనుక్కున్నావా?"

"లేదండీ అత్తయ్యగారూ."

"కనుక్కో," అంది. "బిడ్డ ఎలా ఉన్నాడో కనుక్కో. వద్దులే. వద్దు." రోకలి అందుకుంటూ, "కాదు, కనుక్కో" అంది.

రేపు గణపవరం వెళుతున్నాను.